ఎన్నికల వేసవి: అమలాపురం ఎంపీ గారికి బహిరంగ లేఖ

గౌరవనీయులైన పార్లమెంటు సభ్యులు శ్రీ గంటి హరీష్ మాధుర్ గారికి,



జమిలి ఎన్నికల కోసం 2024 డిసెంబరు 17న లోక్‌సభలో పెట్టిన 129వ రాజ్యాంగ సవరణ బిల్లును సంయుక్త పార్లమెంటరీ సంఘానికి పంపారు. పి.పి. చౌధరి గారి అధ్యక్షతన ఉన్న ఆ సంఘంలో మీరూ సభ్యులు. మీ పార్టీ బిల్లును బలపరిచింది కాబట్టి మీ మొగ్గు ఎటో మాకు తెలుసు. దాన్ని మార్చుకోమని అడగడానికి ఈ ఉత్తరం రాయడం లేదండి. బిల్లులో లేని సంగతి ఒకటి ఉంది, దాని గురించి రాస్తున్నాను. మేం ఓటేసి వేలి మీద సిరా చుక్కతో ఇంటికొచ్చిన సాయంత్రం నుంచి కొత్త సభ కొలువుదీరేదాకా మమ్మల్ని పాలించేవాళ్లు ఏం చేయవచ్చు, ఏం చేయకూడదు, ఏం చేసి తీరాలి? దీని మీద మన రాజ్యాంగంలో ఒక్క వాక్యం లేదు. జమిలి దేశమంతటా వస్తే ఈ ఖాళీ అందరికీ పెరుగుతుంది.

ఊహించి చెబుతున్న మాట కాదిది. ఆంధ్ర ఓటరుకు జమిలి పాత చుట్టమే. 1999 నుంచి అసెంబ్లీకీ లోక్‌సభకీ మేం ఒకే రోజు ఓటేస్తున్నాం. 2019లో మీరూ బరిలో ఉన్నారు, గుర్తుండే ఉంటుంది. ఏప్రిల్ 11న పోలింగ్, మే 23న లెక్కింపు. దేశంలో మిగిలిన ఆరు విడతలూ ముగిసేదాకా 42 రోజులు మా తీర్పు యంత్రాల్లో పడి ఉంది. గెలిచినవాళ్లెవరో తెలియదు, ఓడినవాళ్లెవరో తెలియదు, ముఖ్యమంత్రి మాత్రం ఉన్నారు. ఆయన పోలవరం మీదా రాజధాని పనుల మీదా సమీక్షలు పెడితే అది నియమావళికి విరుద్ధమని ఎన్నికల అధికారులన్నారు. పోలింగ్‌కు కొద్ది రోజుల ముందే ఎన్నికల సంఘం ప్రభుత్వ ప్రధాన కార్యదర్శిని మార్చింది. అనిల్ చంద్ర పునేఠ గారి కుర్చీలోకి ఎల్.వి. సుబ్రహ్మణ్యం గారు వచ్చారు. ఆ మే నెలంతా సచివాలయంలో ఎవరి మాట ఎవరు వినాలన్నదే పేపర్లలో పెద్ద వార్త. ఈలోగా ఫణి తుపాను వచ్చిపోయింది. మే 14న మంత్రివర్గం కూర్చోవాలంటే తుపాను, కరువు, తాగునీరు, ఉపాధి హామీ అని ఎజెండా రాసి ముందుగా ఎన్నికల సంఘం అనుమతి తెచ్చుకోవలసి వచ్చింది. ప్రజలు ఎన్నుకున్న ప్రభుత్వం మంచినీళ్ల గురించి మాట్లాడుకోవడానికి కూడా అనుమతి అడగాలా అని అప్పుడు మీ పార్టీవాళ్లే బాధపడ్డారు. ఆ బాధలో న్యాయం ఉంది. అలాగని దిగిపోతారో ఉంటారో తేలనివాళ్లు కొత్త టెండర్లకు సంతకాలు చేస్తుంటే చూస్తూ ఊరుకోవాలా అన్న అవతలివాళ్ల ప్రశ్నలోనూ న్యాయం ఉంది. రెండు న్యాయాల మధ్య చట్టం లేదు. ఆరోజుకు ఎవరు గట్టిగా మాట్లాడితే వాళ్లదే చట్టం అయింది.

2024లో మన పోలింగ్ నాలుగో విడతలో పడింది. మే 13న ఓటు, జూన్ 4న ఫలితం, మధ్య 22 రోజులు. పథకాల సొమ్ము జమ పోలింగ్ ముగిసేదాకా ఆపమని ఎన్నికల సంఘం అంటే, ఆ వ్యవహారం హైకోర్టు మెట్లెక్కింది. పక్కనున్న తెలంగాణ అసెంబ్లీకి విడిగా ఓటేస్తుంది. అక్కడ 2018లో డిసెంబరు 7న ఓటేసి 11న ఫలితం చూశారు. 2023లో నవంబరు 30న ఓటేస్తే డిసెంబరు 3న తేలిపోయింది. రెండుసార్లూ ఆఖరి విడతలో పడటం వాళ్ల అదృష్టం, ఒప్పుకుంటాను. అయినా నాలుగైదు రాష్ట్రాల షెడ్యూలు ముగిసేదాకా ఆగడం వేరు, దేశమంతా ముగిసేదాకా ఆగడం వేరు. జమిలితో ఖర్చు తగ్గుతుందని చెప్పే పెద్దలు ఈ వేచి ఉండే రోజుల ఖర్చు కూడా కలిపి లెక్క వేస్తే బాగుండును.

ఆ ఖర్చు ఎలా ఉంటుందో మన డెల్టాలో తిరిగేవాళ్లకు చెప్పనక్కర్లేదు. గోదావరి కాలువలు ఏప్రిల్‌లో కట్టేస్తారు, జూన్‌లో మళ్లీ నీళ్లు వదులుతారు. కాలువలో పూడిక తీయాలన్నా, గట్టు కట్టాలన్నా, తూము తలుపు మార్చాలన్నా, లాకు బాగుచేయాలన్నా ఆ కొద్ది వారాల్లోనే. మళ్లీ నీళ్లొచ్చాయంటే ఏడాది ఆగాలి. దాళ్వా ధాన్యం కళ్లాల మీదికి వచ్చేదీ, సంచుల కోసం, లారీల కోసం, కొనుగోలు కేంద్రం కోసం రైతు ఎదురుచూసేదీ ఆ వారాల్లోనే. మన ఎన్నికలేమో 2004, 2009, 2014, 2019, 2024 అన్నీ ఏప్రిల్, మే నెలల్లోనే. ఎన్నికల కోడ్ వచ్చాక కూడా ముందే మొదలైన పని సాగించుకోవచ్చు, కొత్తది మొదలుపెట్టకూడదు. 2024లో కోడ్ మార్చి 16న వచ్చింది. ఆలోపు పని మొదలు కాకపోతే ఆ కాలువకు ఆ వేసవి పోయినట్టే. కొత్త ముఖ్యమంత్రి జూన్ 12న ప్రమాణం చేసేసరికి కాలువలకు నీళ్లు వదిలే రోజులొచ్చేశాయి. మధ్య డెల్టాలో మా మలికిపురం శివారు. పైన ఎక్కడ పూడిక మిగిలినా కింద మా చేలకు నీళ్లు ఎక్కవు. శంకరగుప్తం డ్రెయిన్‌లోకి సముద్రపు ఉప్పునీరు ఎగదన్ని కొబ్బరిచెట్లు తలలు వాల్చేసి మోడులవుతున్న సంగతి మీరు వచ్చి చూసే ఉంటారు. ఉప్పునీటికి కోడ్ వర్తించదు కదండీ.

అంటే ఐదేళ్లకొకసారి డెల్టాకు ఒక వేసవి లెక్కలోంచి పోతోంది. ఇంజనీరును అడిగితే కోడ్ అంటాడు. ఎమ్మెల్యేను అడిగితే ‘నేను ఇంకా ఎమ్మెల్యేనో కాదో’ అంటాడు. కలెక్టరాఫీసులో అందరూ ఎన్నికల డ్యూటీలో ఉంటారు. దిగిపోయే ప్రభుత్వం చేయకూడనివి చేస్తుందేమో అన్న భయమే మన దగ్గర ఎక్కువ చర్చకు వస్తుంది. చేయవలసినవి మానేస్తే అడిగేవాడు లేడన్నది ఎవరూ పట్టించుకోరు. కోడ్ రాకముందు పక్షం రోజుల్లో మాత్రం శంకుస్థాపనలకు కొదవుండదు. దీపం ఉండగానే ఇల్లు చక్కబెట్టుకోవాలన్న సామెతను మన నాయకులు పాటించినంతగా ఇంకెవరూ పాటించరు. (సఖినేటిపల్లి, నరసాపురం మధ్య వంతెన మాట ప్రతి ఎన్నికల్లోనూ వింటాం. దాటడానికి మాత్రం పంటే.)

మీ నాన్నగారి సంగతి ఇక్కడ ఎత్తుతున్నందుకు వేరేగా అనుకోవద్దు. ఈ విషయంలో ఆయనకంటే దగ్గరి ఉదాహరణ నాకు దొరకలేదు. 1999 ఏప్రిల్ 17న వాజపేయి ప్రభుత్వం 269కి 270తో, ఒక్క ఓటు తేడాతో పడిపోయినప్పుడు స్పీకరు కుర్చీలో ఉన్నది బాలయోగి గారే. ఒడిశాకు ముఖ్యమంత్రి అయ్యాక కూడా లోక్‌సభ సభ్యత్వం వదలని గిరిధర్ గమాంగ్ ఓటు వేయవచ్చా అన్న చిక్కు ఆయన ముందుకే వచ్చింది. దాన్ని గమాంగ్ మనస్సాక్షికే వదిలారు. ఆ తరవాత అదే సభ, కూలిపోయిన ప్రభుత్వం పెట్టిన బడ్జెట్‌ను చర్చ లేకుండానే ఆమోదించింది. జీతాలూ పింఛన్లూ ఆగకూడదు కాబట్టి పార్టీలన్నీ సర్దుకున్నాయి. ఏప్రిల్ 26న సభ రద్దయింది. సభ రద్దయినా స్పీకరు మాత్రం ఉంటారు. కొత్త సభ తొలిసారి కూర్చోవడానికి సరిగ్గా ముందుదాకా ఆ పదవి ఖాళీ కాదని రాజ్యాంగం 94వ అధికరణలో రాసి ఉంది. అక్టోబరు 20న 13వ లోక్‌సభ కూర్చునేదాకా, దాదాపు ఆరు నెలలు, మన ఎదుర్లంక మనిషి సభ లేని సభాపతిగా ఉన్నారు. ఆ హోదాలోనే మళ్లీ అమలాపురంలో పోటీ చేశారు. మేం సెప్టెంబరులో ఓట్లు వేస్తే అక్టోబరు 6న లెక్కపెట్టారు. అదే నెల 22న సభ ఆయన్ని మళ్లీ స్పీకరుగా ఎన్నుకుంది.

ఆ ఆరు నెలల మధ్యలోనే కార్గిల్ యుద్ధం జరిగింది. విశ్వాసం కోల్పోయిన ఆపద్ధర్మ ప్రభుత్వమే యుద్ధాన్ని నడిపింది, నడపక తప్పదు కూడా. లోక్‌సభ లేదు కాబట్టి రాజ్యసభనైనా పిలిచి మాట్లాడండని ప్రతిపక్షాలు అడిగితే పిలవలేదు. పిలవాలని ఎక్కడా రాసిలేదు. స్పీకరు పదవి ఏ క్షణందాకా ఉండాలో అంత జాగ్రత్తగా రాసుకున్న రాజ్యాంగం, యుద్ధం చేస్తున్న ఆపద్ధర్మ ప్రధాని ఎవరికి జవాబు చెప్పాలో రాయలేదు. సభ రద్దయినా మంత్రిమండలి ఉండాల్సిందేనని 1971లో యు.ఎన్.ఆర్. రావు కేసులో సుప్రీంకోర్టు తేల్చింది. ఉండాలి, సరే. ఎంతవరకు?

ఆ ఎంతవరకు అన్నదానికి దేశంలో మొట్టమొదట కాగితం మీద జవాబు రాయించింది మన తెలుగు రాష్ట్రపతే. 1979 ఆగస్టు 22న లోక్‌సభను రద్దు చేస్తూ నీలం సంజీవరెడ్డి గారు విడుదల చేయించిన ప్రకటనలో, ఎన్నికలయ్యేదాకా చరణ్‌సింగ్ ప్రభుత్వం కొత్త విధానాలకు దారితీసే నిర్ణయాలు, పెద్దఎత్తున కొత్త ఖర్చులు, ముఖ్యమైన పాలనాపరమైన నిర్ణయాలు చేయబోదని ఉంది. పార్లమెంటును ఒక్కరోజు కూడా ఎదుర్కోని ప్రధానిని చూసి ఆ జాగ్రత్త పడ్డారు. తరవాత కలకత్తా హైకోర్టు కూడా ఆపద్ధర్మ ప్రభుత్వం రోజువారీ పాలనకే పరిమితం కావాలన్న ధోరణిలో మాట్లాడింది. అంతే. నాలుగు దశాబ్దాలు దాటినా ఆ ప్రకటన చట్టం కాలేదు. ఇల్లూరు నుంచి వెళ్లిన ఆయన అప్పుడు రాయించినదాన్ని ఇప్పుడు కోనసీమ నుంచి వెళ్లిన మీరు చట్టంలోకి తేవచ్చు కదా అన్నదే నా ఆశ.

ఇక 2014. రాష్ట్ర విభజన మంచా చెడా అన్న పాత వాదాన్ని ఇక్కడ తవ్వను. నాకు కావలసింది అది జరిగిన వేళ. 15వ లోక్‌సభ ఆ ఫిబ్రవరిలో కూర్చున్నది తన ఆఖరి సమావేశానికి. మార్చి 5న ఎన్నికల షెడ్యూలు వచ్చేసింది. విభజన బిల్లును అసెంబ్లీ అంతకుముందే జనవరి 30న మూజువాణి ఓటుతో తోసిపుచ్చింది. అప్పటి అమలాపురం ఎంపీ హర్షకుమార్ గారితో కలిపి ఆరుగురిని వాళ్ల సొంత పార్టీయే ఫిబ్రవరి 11న బయటికి పంపింది. 13న సభలో పెప్పర్ స్ప్రే కొట్టారు. 18న తలుపులు మూసి, ప్రత్యక్ష ప్రసారం ఆగిపోయి ఉండగా బిల్లు గట్టెక్కింది. ప్రసారం ఆగడం సాంకేతిక లోపమన్నారు. అది ఎన్నికల తరవాత కూర్చున్న సభ కాదు, చట్టం దృష్టిలో దాని అధికారానికి లోటేమీ లేదు. కానీ ఆ బల్లల ముందు కూర్చున్నవాళ్లలో చాలామందికి మళ్లీ రామని తెలుసు.

అసలు దెబ్బ 20వ తేదీన రాజ్యసభలో తగిలింది. బిల్లులో లేని ప్రత్యేక హోదాను ఐదేళ్లపాటు ఇస్తామని ప్రధాని మన్మోహన్‌సింగ్ గారు సభలో నిలబడి చెప్పారు. అవతలి నుంచి వెంకయ్యనాయుడు గారు పదేళ్లు కావాలన్నారు. బిల్లులో రాయించడానికి సవరణ తేవాలి, తెస్తే బిల్లు మళ్లీ లోక్‌సభకు వెళ్లాలి, దానికి రోజులు లేవు. అందుకని చట్టంలో ఉండవలసింది నోటి మాటగా మిగిలింది. మూడు నెలలు తిరిగేసరికి మాట ఇచ్చిన ప్రధాని మాజీ అయ్యారు. ఆయన పార్టీకి ఆంధ్రలో ఒక్క సీటూ రాలేదు. తరవాత వచ్చినవాళ్లు ఆ మాటకు మేం కట్టుబడలేదన్నారు, 2016 సెప్టెంబరులో ప్యాకేజీ ప్రకటించారు. మీ పార్టీ ముందు దానికి సరేనని, 2018 మార్చిలో అదే విషయం మీద ఎన్‌డీఏ నుంచి బయటికొచ్చింది. ఇందులో ఎవరు ఎంత మోసం చేశారన్నది మీరూ మీరూ తేల్చుకోండి. నాకు కనబడేది ఒకటే: వెళ్లిపోయేవాళ్ల చేత మాట తీసుకున్నాం, కాగితం తీసుకోలేదు. కొబ్బరితోట కౌలుకిచ్చేటప్పుడు గడువు ముగిసే నెలలో దింపు ఎవరిదో, లేత గెలల మీద చెయ్యి వేయవచ్చో కూడదో కాగితం మీద రాసుకోకుండా మన ఊళ్లో ఎవరైనా తోట అప్పగిస్తారా?

గెలిచి వచ్చినవాళ్లు కూడా ఈ ఖాళీని వాడుకున్న సంగతి దాచకూడదు. 16వ లోక్‌సభ మొదటిసారి కూర్చున్నది 2014 జూన్ 4న. అంతకుముందే, రాష్ట్రం విడిపోయే జూన్ 2 లోపే, ఖమ్మం జిల్లాలోని పోలవరం ముంపు మండలాలను ఆంధ్రలో కలుపుతూ కొత్త ప్రభుత్వం ఆర్డినెన్స్ తెచ్చింది. మనకు మేలు కాబట్టి చప్పట్లు కొట్టాం. ఆ మండలాలవాళ్లు ఏ సభలోనూ తమ మాట చెప్పుకోకముందే జిల్లా మారిపోయారు. ఆ ఆర్డినెన్స్ అవసరమేనని నేను ఇప్పటికీ అనుకుంటాను. అయినా నియమం పెడితే అది మనకు నచ్చిన పనికీ వర్తించాలి కదా.

ఎన్నికలయ్యాక పాత సభ కూర్చోవడమే తప్పని నేననడం లేదు. మొదటి లోక్‌సభ 1957 మార్చిలో, దేశం రెండో లోక్‌సభకు ఓట్లు వేసిన తరవాత కూర్చుంది. రెండో లోక్‌సభ కూడా 1962 మార్చిలో అలాగే కూర్చుంది. ఏప్రిల్ 1న కొత్త ఆర్థిక సంవత్సరం, ఖజానా తాళం తీయాలంటే సభ అనుమతి కావాలి. తాత్కాలిక బడ్జెట్‌కు ఒప్పుకుని లేచిపోయారు. మన దగ్గర కూడా 2025లో అలాంటిదే చిన్నది జరిగింది. ఉభయ గోదావరి జిల్లాల పట్టభద్రులం ఫిబ్రవరి 27న కొత్త ఎమ్మెల్సీకి ఓటేశాం, మార్చి మొదటివారంలో ఫలితం వచ్చింది. పాత సభ్యులు ఇళ్ల వెంకటేశ్వరరావు గారి గడువు మార్చి 29దాకా ఉంది. మధ్యలో బడ్జెట్ సమావేశాలు నడిచాయి. ఎవరికీ ఏ ఇబ్బందీ రాలేదు. గడువు తేదీ అందరికీ ముందే తెలుసు, మండలిలో మారేది కొద్దిమందే.

అసెంబ్లీ సంగతి అలా కాదు. 172వ అధికరణ ప్రకారం ఐదేళ్ల గడువు తొలి సమావేశం నాటి నుంచి లెక్క. ఫలితాలు వచ్చాక కూడా కొన్నాళ్లు పాత సభకు ప్రాణం ఉండవచ్చు. ఓడిన మంత్రివర్గం ఆ రోజుల్లో దాన్ని పిలిపించి ఏదో ఒకటి చేయించకుండా ఇంతవరకు ఆపింది సిగ్గూ మర్యాదే. అవి రెండూ ఏటికేడాది పలచబడుతున్న సంగతి మీరు మాకంటే దగ్గరగా చూస్తున్నారు. అమెరికాలో ఇదే తలనొప్పి భరించి భరించి, 1933లో అమల్లోకి వచ్చిన ఇరవయ్యో సవరణతో కొత్త అధ్యక్షుడి ప్రమాణాన్ని మార్చి 4 నుంచి జనవరి 20కి, కాంగ్రెస్ గడువును జనవరి 3కి జరిపేసుకున్నారు. న్యూజిలాండ్‌లో 1984లో ఓడిన ప్రధాని మల్డూన్, కరెన్సీ విలువ తగ్గించమని గెలిచినవాళ్లు అడిగినా కొన్నాళ్లు మొండికేశాడు. ఆ అనుభవంతో గెలిచినవాళ్ల మాట వినాలన్న నియమాన్ని వాళ్లు స్పష్టంగా రాసుకున్నారు.

ఇప్పుడు మీ బిల్లుకు వస్తాను. సభ మధ్యలో రద్దయితే ఎన్నిక పెడతారు, కానీ కొత్త సభకు దక్కేది మిగిలిన కాలమే. నాలుగో ఏడు గడిచాక ప్రభుత్వం పడిపోయిందనుకోండి. మేం ఓటేసి పంపే ఎమ్మెల్యే చేతిలో ఏడాది కూడా ఉండదు. అందులో ఆఖరి మూడు నెలలు కోడ్, మొదటి మూడు నెలలు బదిలీలు. వచ్చిన రోజు నుంచే అతను వెళ్లిపోయేవాడు. అధికారి మాట వినడు, కాంట్రాక్టరు భయపడడు, ఫైలు కదలదు. దిగిపోయే సభల గురించి ప్రపంచమంతా దిగులు పడుతుంటే మనం చట్టం చేసి మరీ వాటిని తయారు చేసుకోబోతున్నాం. ఈ ఒక్క నిబంధన మీదైనా మీరు సంఘంలో గట్టిగా అడ్డం పడాలి. కనీసం రెండేళ్లు దక్కని సభను ఎన్నుకోమని ఓటరును అడగకూడదు.

మిగతావి అంత కష్టమైనవి కావు. ఏ రాష్ట్రంలోనైనా ఓటుకూ లెక్కింపుకూ మధ్య ఎక్కువలో ఎక్కువ ఎన్ని రోజులో చట్టంలో రాయించండి. పక్షం రోజులు దాటకూడదని నా ఉద్దేశం. అసెంబ్లీకి కూడా ఓటేసే రాష్ట్రాలను ఆఖరి విడతల్లో పెడితే సగం చిక్కు తీరుతుంది. ఆపద్ధర్మ ప్రభుత్వం చేయకూడనివాటికి సంజీవరెడ్డి గారి ప్రకటనే ముసాయిదాగా పనికొస్తుంది. పక్కనే చేసి తీరవలసినవి కూడా ఉండాలి: తుపాను, వరద, తాగునీరు, ధాన్యం కొనుగోలు, కాలువలు కట్టేసిన రోజుల్లో పూడికతీత, మరమ్మతులు. వీటికి ఎన్నికల సంఘం గుమ్మం దగ్గర నిలబడవలసిన పని లేకుండా జిల్లా కలెక్టరుకూ జలవనరుల శాఖకూ అధికారం ఉండాలి, చేయకపోతే జవాబు చెప్పే బాధ్యతా ఉండాలి. లోక్‌సభ లేని కాలంలో యుద్ధమో పెద్ద విపత్తో వస్తే రాజ్యసభను పిలవాల్సిందేనని ఒక వాక్యం ఉండాలి. 1999లో దాని లోటు ఏమిటో మీ ఇంట్లోవాళ్లకు తెలిసినంతగా ఇంకెవరికి తెలుస్తుంది?

సంఘంలో ఎక్కువమంది ఒప్పుకోకపోవచ్చు. ఇవి బిల్లు పరిధిలోకి రావనవచ్చు. అలాంటప్పుడు నివేదికకు అసమ్మతి నోటు జతచేసే హక్కు సభ్యులుగా మీకుంది. మీ పార్టీ బిల్లుకు ఓటేస్తూనే మీరు ఆ నోటు రాయవచ్చు, దానికి విప్ అడ్డం రాదు. రాసేటప్పుడు 2019, 2024 వేసవుల్లో మధ్య డెల్టాలో కాలువలు కట్టేసిన కాలంలో తలపెట్టిన పనులెన్ని, మొదలైనవెన్ని, ఆగినవెన్ని అన్న లెక్క జలవనరుల శాఖ నుంచి తెప్పించి జత చేయండి. ఎంపీ అడిగితే ఇస్తారు, మేం అడిగితే సమాచార హక్కు కింద దరఖాస్తు పెట్టమంటారు. ఆ లెక్కను, మీరు రాసిన నోటును తెలుగులో మా మండల పరిషత్ కార్యాలయం నోటీసు బోర్డు మీద పెట్టించండి.

ఇట్లు,
మలికిపురం ఓటరు ఒకరు